ఒకరి కోసం వచ్చిన కల

కార్తీక మాసంలో దీపం వెలిగించి, దానికి నమస్కరిస్తూ మన ఇళ్లలో ఆడవాళ్లు చదువుకునే శ్లోకం ఒకటి ఉంది.

కీటాః పతంగాః మశకాశ్చ వృక్షాః
జలే స్థలే యే నివసంతి జీవాః
దృష్ట్వా ప్రదీపం న చ జన్మభాగినః

పురుగులు, రెక్కల పురుగులు, దోమలు, చెట్లు, నీటిలోనూ నేల మీదా బతికే సమస్త జీవులూ ఈ దీపాన్ని చూసి మళ్లీ పుట్టే బాధ లేనివి కావాలని దాని భావం. నెల్లూరులో రంగనాయకుల గుడి దగ్గర పెన్న నీటిలోకి అరటి దొప్ప వదులుతూ మా అమ్మ ఈ శ్లోకం చదువుతుంటే, దోమలకు మోక్షం ఎందుకమ్మా అని చిన్నతనంలో అడిగాను. "మన ఒక్కరికే అయితే ఇంట్లో పెట్టుకుంటే చాలదా, ఏటి దాకా రావడం ఎందుకు?" అని ఆమె తిరిగి అడిగింది. ఆ శ్లోకంలో నేను చాలాకాలం పట్టించుకోని మాట "దృష్ట్వా". ఫలం చూసినవారికి చెప్పారే గాని, వెలిగించినవారికి ఇంత అని అందులో ఎక్కడా లేదు.

ఆ మాట నాకు కార్తీకంలో కాక మొహర్రం నెలలో, మా ఊరి స్వర్ణాల చెరువులో నిలబడినప్పుడు అర్థమైంది. బారాషహీద్ దర్గా దగ్గర జరిగే రొట్టెల పండుగ గురించి నెల్లూరు వారికి కొత్తగా చెప్పనక్కరలేదు. పన్నెండుమంది అమరవీరుల సమాధులున్న ఆ చోటికి కులమతాల ఎంపిక లేకుండా జనం వచ్చి, చెరువు నీళ్లలో తలపై కొంగు కప్పుకొని నిలబడి రొట్టెలు మార్చుకుంటారు. కోరిక తీరినవారు రొట్టె వదులుతారు, కోరిక ఉన్నవారు దాన్ని పట్టుకుంటారు. ఆరోగ్య రొట్టె, చదువు రొట్టె, పెళ్లి రొట్టె, సంతాన రొట్టె, ఉద్యోగ రొట్టె, ఇంటి రొట్టె అని వాటికి పేర్లు. ఇస్లామిక్ పంచాంగంలో అధికమాసం లేదు కనుక ఈ పండుగ ఏటా సుమారు 11 రోజులు ముందుకు జరుగుతుంది. 2018లో సెప్టెంబరులో వచ్చినది 2025లో జూలైలో వచ్చింది. ఏ ఋతువుకూ ఏ పంటకూ కట్టుబడకుండా, మనిషి కోరికనే పట్టుకొని తిరిగే పండుగ ఇది.

దీని పుట్టుక గురించి పెద్దలు చెప్పే కథలో అన్నిటికంటే ముందు ఒక కల ఉంది. ఆర్కాటు నవాబుల కాలంలో చాకలి దంపతులు ఆ చెరువులో బట్టలు ఉతుకుతూ పొద్దుపోయి అక్కడే ఉండిపోయారట. నిద్రపోయిన భార్యకు ఆ వీరులు కలలో కనిపించి, నవాబు భార్య జబ్బుతో ఉన్నదనీ, తమ సమాధుల దగ్గరి మట్టి తీసి ఆమె నుదుట పూస్తే నయమవుతుందనీ చెప్పారట. ఆ మట్టితో రాణికి నయం కాగా నవాబు దంపతులు మొక్కు తీర్చుకోవడానికి వచ్చి, తాము తెచ్చుకున్న రొట్టెలు తిని, మిగిలినవి అక్కడివారికి పంచారని, అదే ఆనవాయితీ అయిందని అంటారు. ఈ కథలో నా మనసు నిలిచిపోయే చోటు రాణి కోలుకోవడం కాదు. రోజంతా బండ మీద బట్టలు బాది అలసిన ఆ తల్లికి తన చేతుల నొప్పి గురించి గాని, తన ఇంటి కరువు గురించి గాని కల రాలేదు. తాను కంటితో చూడని, తన పేరైనా తెలియని ఒక స్త్రీ జబ్బు గురించి వచ్చింది. కల ఆమెది, అందులోని మేలు మరొకరిది. కార్తీకం ముగిసిన మర్నాడు మన ఆడవాళ్లు తలచుకునే పోలి కూడా, కొందరు చెప్పే కథలో, చాకలి ఇంటి కోడలే కావడం నాకు ఊరికే కలిసినట్టు అనిపించదు. కవ్వానికి అంటిన వెన్నతో దీపం పెట్టిన ఆ పిల్లను, రేవులో బండ దగ్గర నిద్రపోయిన ఈ తల్లిని నేను పక్కపక్కనే ఉంచి దణ్ణం పెట్టుకుంటాను.

మా అమ్మకు జబ్బు ముదిరి మంచానికి అంటుకుపోయిన ఏడు నేను మొదటిసారి రొట్టె పట్టుకోవడానికి వెళ్లాను. మోకాలి లోతు నీళ్లలో నిలబడి అడగడానికి నోరు రాక చూస్తుంటే, నా కన్నా చిన్నదైన ఒక ముస్లిం అమ్మాయి దగ్గరకు వచ్చి, "ఏ రొట్టె కావాలక్కా?" అని అడిగింది. చెప్పాను. చేతిగుడ్డలో మడిచిన గోధుమ రొట్టె తీసి రెండు చేతులతో నా కొంగులో పెట్టింది. అంచులు మాడి, మధ్యలో ఇంకా వెచ్చగా ఉంది. "పోయినేడు మా పాప కోసం నేనూ ఇక్కడే పట్టుకున్నా, తిను అక్కా" అన్నది. ఎవరి బిడ్డ కోసమో పెట్టుకున్న ఆశ నెరవేరి, అది నా తల్లి దాకా వచ్చింది. ఆ అమ్మాయి పేరు నేను అడగలేదు, నా పేరు ఆమె అడగలేదు. ఆ కార్తీకంలో అమ్మ లేచి కూర్చొని, వణికే వేళ్లతోనే ఒత్తులు చేసింది.

మరుసటి ఏడు రొట్టె వదలడానికి మళ్లీ చెరువులో దిగాను. తీర్చుకోవలసిన మొక్కు నాదే అయినా, ఇవ్వవలసిన మనిషి ఎవరో తెలియక చాలాసేపు జనంలోకి చూస్తూ నిలబడ్డాను. ఆసుపత్రి కాగితాలు ప్లాస్టిక్ కవరులో చుట్టి చంకలో పెట్టుకున్న ఒక కుర్రవాడు, నీళ్లు తడుముకుంటూ ఒక్కొక్కరి దగ్గరే ఆగి, "ఆరోగ్య రొట్టె ఉందామ్మా?" అని అడుగుతూ వస్తున్నాడు. నా దగ్గరకు వచ్చాక ఎవరికి జబ్బు అని అడగలేదు. తలకు తువ్వాలు చుట్టుకొని రెండు చేతులూ చాపాడు. రొట్టె పెట్టాను. అక్కడే సగం తిని, మిగిలిన సగం ఆ కాగితాల కవరులోనే భద్రంగా పెట్టుకొని గట్టు వైపు నడిచాడు.