రేడియేషన్ గుర్తును తెర మీద సరిగ్గా గీయడం

కోనసీమలో నాటకం తెర కైనా, బడి సైన్సు ప్రదర్శన బోర్డు కైనా ‘అణు’ అనగానే రెండు బొమ్మలు కలిపేస్తుంటారు. మూడు కోలవలయాలు అడ్డంగా పెనవేసుకున్నది పరమాణువు. మూడు రెక్కలది ప్రమాద హెచ్చరిక. ఇది 1946లో అమెరికాలోని బర్క్‌లీలో పుట్టింది, అప్పుడు నీలం మీద మెజెంటా. ఇప్పుడు మనం చూసేది పసుపు మీద నలుపు.

కొలతలు ఇవీ: నడిమి చుక్క వ్యాసార్ధం 4 సెం.మీ. అయితే రెక్క 6 దగ్గర మొదలై 20 దగ్గర ఆగాలి. అంటే 1, 1.5, 5 పాళ్ళు. మేకుకు దారం కట్టి మూడు వృత్తాలూ గీయండి. అదే 20 సెం.మీ. దారంతో పెద్ద వృత్తం మీద ఆరు గుర్తులు పెట్టండి. మొదటి గుర్తు కుడిపక్క, కేంద్రానికి సరిగ్గా అడ్డంగా ఉండాలి. చాలామంది కింది నుంచి మొదలెడతారు, దాంతో బొమ్మ 30 డిగ్రీలు తిరిగిపోతుంది. ఒక రెక్క నిటారుగా కిందికి చూడాలి, అదే కొండగుర్తు. గుర్తులను కేంద్రంతో గీతలతో కలిపితే ఆరు భాగాలు వస్తాయి; వాటిలో ఒకటి విడిచి ఒకటి, 6 నుంచి 20 దాకా నింపండి. రెక్కలు చుక్కకు తగిలితే ఫ్యాన్ అయిపోతుంది!

గోడ మీదైతే వానాకాలంలో ఎనామిల్ వద్దు. మన డెల్టా గోడల్లో చెమ్మ ఎక్కువ, అది బయటికి రాలేక రంగు బుడగలు లేస్తుంది. పసుపు రెండు పూతలు వేసి, పూర్తిగా ఆరాకే నలుపు.

ప్రదర్శన అయ్యాక ఆ బోర్డు రోడ్డు పక్కన వదిలేయకండి, చూసినవాళ్ళు నిజమనుకుంటారు.