ముందు ఆకు పేరు చెప్పండి

సీతాకోకచిలుకను చూపించి పేరు అడిగితే మన జీవశాస్త్రం మాస్టారు నేరుగా జవాబు చెప్పేవారు కాదు. "ఏ ఆకు మీద చూశావు?" అనేది మొదటి ప్రశ్న. రంగు, చుక్కలు, తోక అన్నీ ఆ తర్వాతే. మన బడి పాత విద్యార్థుల్లో ఇప్పటికీ పురుగూపుట్రా వెంట తిరిగేవాళ్లు, పిల్లలకు చూపించాలనుకునేవాళ్లు చాలామందే ఉన్నారు కాబట్టి ఆ ఒక్క ప్రశ్నను పట్టుకుని ఎంత దూరం వెళ్లొచ్చో ఈ సంచికలో రాస్తున్నాను.

సీతాకోకచిలుకల్లో చాలా జాతుల గొంగళి పురుగులు ఏదో ఒక మొక్కనో, ఒకే కుటుంబానికి చెందిన కొన్ని మొక్కలనో మాత్రమే తింటాయి. తల్లి ముందుకాళ్లతో ఆకును తట్టి రుచి చూసి, సరైనదని తేలాకే గుడ్డు పెడుతుంది. అందుకే మొక్క తెలిస్తే వందల జాతుల జాబితా రెండు మూడు పేర్లకు దిగిపోతుంది. మన దేశంలో నిమ్మ, కరివేపాకు, మారేడు మీద పురుగు కనబడితే మొదట అనుమానించాల్సింది లైమ్ బటర్‌ఫ్లైని, కామన్ మార్మన్‌ని. జిల్లేడు మీదైతే ప్లెయిన్ టైగర్. గన్నేరు మీద కామన్ క్రో. నరమామిడి, సీతాఫలం మీద టెయిల్డ్ జే. బదనిక మీద గుంపుగా ఉంటే కామన్ జెజెబెల్. ఈశ్వరి తీగ, గాడిదగడపాకు మీద నల్లటి ఒంటిపై ఎర్రటి బుడిపెలున్న పురుగు దొరికితే ఒంటి మధ్యలో తెల్లపట్టీ ఉందేమో చూడండి. ఉంటే కామన్ రోజ్, లేకపోతే క్రిమ్సన్ రోజ్.

అయితే మొక్క మీద ఉన్నంత మాత్రాన దాన్ని తింటున్నట్టు కాదు. బాగా ఎదిగిన పురుగు ప్యూపాగా (రెక్కలు వచ్చే ముందు గూడులా ఉండే కదలని దశ) మారే ముందు తిండి మానేసి చోటు వెతుక్కుంటూ బయలుదేరుతుంది, గోడ మీదా పక్క మొక్క మీదా తేలుతుంది. కాబట్టి సాక్ష్యం కావాలి: తాజాగా కొరికిన ఆకు అంచు, కింది ఆకుల మీద రాలిన విసర్జన గుళికలు. గుళిక పచ్చగా, తడిగా ఉంటే పురుగు నేరుగా పైనే ఉంటుంది, తల ఎత్తి వెతకండి. ఎండి నల్లబడితే పురుగు వెళ్లిపోయి ఉండొచ్చు. రెక్కలొచ్చిన సీతాకోకచిలుకల విషయంలో కూడా ఇదే పొరపాటు జరుగుతుంది. అది తేనె తాగే పువ్వుకూ దాని పిల్లలు తినే ఆకుకూ సంబంధం ఉండనక్కర్లేదు. మగ టైగర్లు, క్రోలు గిలిగిచ్చ మొక్కల దగ్గర మూగేది ఆకుల్లోని ఆల్కలాయిడ్లనే రసాయనాల కోసం, గుడ్ల కోసం కాదు. రెక్కలాడిస్తూ లేత చిగురు మీద ఒక్క క్షణం ఆగి, పొట్ట చివర వంచి ఆకును తాకి లేచిపోయే ఆడదాన్ని చూడండి. అది వెళ్లాక ఆ చిగురు మీదా, ఆకు వెనకా వెతికితే గుడ్డు దొరుకుతుంది. నున్నగా గుండ్రంగా ఉంటే లైమ్, మార్మన్‌లున్న పాపిలియో వంశం. సీసాలా నిలువుగా లేచి ఉంటే తెల్ల, పసుపు సీతాకోకచిలుకల కుటుంబం. బిళ్లలా చదునుగా, పైన చెక్కుడు ఉంటే చిన్న నీలాలు, అంటే బ్లూ అనే బుల్లి సీతాకోకచిలుకలు.

ఇక పురుగు దగ్గరికి. అది నిజంగా సీతాకోకచిలుక పిల్లేనా అన్నది కాళ్లు చెబుతాయి. పది రెట్లు పెద్దగా చూపే లెన్స్ పెట్టి పక్క నుంచి చూడండి. ముందు మూడు జతల అసలు కాళ్లు, తర్వాత కాళ్లులేని రెండు ఖండాలు, ఆ తర్వాత నాలుగు జతల పొట్టకాళ్లు, తోక చివర ఒక జత. పొట్టకాళ్లు అయిదు జతలకు మించితే అది రంపపు ఈగ పిల్ల. ఆవ మొక్కల మీద కనిపించే నల్లటి రంపపు ఈగ పురుగుకు ఎనిమిది జతలుంటాయి, పైగా కాళ్లులేని ఖండం ఒక్కటే. అయిదు కంటే బాగా తక్కువుండి, ఒళ్లు విల్లులా వంచుకుంటూ నడిస్తే అది మాత్ (చిమ్మట) పిల్ల. ఆముదం ఆకు మీద ఈ తేడా బాగా పనికొస్తుంది. నున్నటి ఒంటితో వంగి వంగి నడిచేది నామాల పురుగు, మాత్ జాతి. ఒళ్లంతా కొమ్మల్లా చీలిన ముళ్లతో తిన్నగా నడిచేది కామన్ క్యాస్టర్ సీతాకోకచిలుక. ఒత్తైన పొడవాటి వెంట్రుకలతో మునగ బోదెల మీద గుంపుగా పడుకునే బొంత పురుగులు కూడా మాత్‌లే. వాటిని చేత్తో ముట్టుకోవద్దు. దురద గంటల తరబడి పోదు.

నిమ్మ పురుగును దగ్గరగా చూడటం ఒక పాఠం. గుడ్డు నుంచి వచ్చినది నాలుగుసార్లు కుబుసం విడుస్తుంది. మొదటి నాలుగు దశల్లో గోధుమ నలుపు ఒంటి మీద తెల్లటి మచ్చతో, తడిగా మెరుస్తూ అచ్చం పిట్టరెట్ట. అయిదో దశకు పచ్చబడిపోయి ఆకులో కలిసిపోతుంది. ఒకే కొమ్మ మీద రెండూ కనబడితే రెండు జాతులని రాసుకోకండి. వేలితో సున్నితంగా తాకితే తల వెనక నుంచి చీలిన నాలుకలాంటి అవయవం బయటికొస్తుంది, ఘాటైన వాసన కొడుతుంది. ఆ అవయవం ఉంటే పాపిలియో కుటుంబమే, మరొకటి కాదు. లైమ్, మార్మన్‌లలో ఏదో పురుగు దశలో తేల్చాలని పట్టుబట్టడం దండగ. పెంచి, రెక్కలు వచ్చాక చూస్తే సరి: తోక లేకుండా, వెనక రెక్క లోపలి మూలన ఎర్రచుక్క ఉంటే లైమ్. తోక ఉంటే మార్మన్.

నల్ల, తెల్ల, పసుపు చారల జిల్లేడు పురుగుకైతే రంగు వదిలేసి ఒంటి మీది మెత్తటి కొమ్ముల జతలు లెక్కపెట్టండి. ప్లెయిన్ టైగర్‌కూ స్ట్రైప్డ్ టైగర్‌కూ మూడేసి జతలు, కామన్ క్రోకు నాలుగు, బ్లూ టైగర్‌కు రెండు. మామిడి మీదుండే కామన్ బారన్ పురుగు ఇంకో తరహా. ఆకు నడిమి ఈనె వెంబడి ఒళ్లు ఆనించి, ఈకల్లా చీలిన పొడవాటి ముళ్లను రెండు వైపులా చదునుగా పరుచుకుని పడుకుంటుంది. వెన్నుమీది లేత గీత ఈనెలో కలిసిపోతుంది. మీద చెయ్యి పెట్టేదాకా కనబడదు. దీనికి వెతుకుడు చిట్కా ఒకటే, ఆకును ఎండకు అడ్డంగా పట్టి కింది నుంచి నీడ చూడటం.

మాస్టారి ప్రశ్నకు లొంగనిది ఏప్‌ఫ్లై అనే సీతాకోకచిలుక అనాలి. దాని పురుగు ఆకు తినదు, పిండినల్లిని తింటుంది. కాబట్టి ఏ మొక్క మీదైనా పిండినల్లి తెల్లగా పేరుకున్నచోట దొరకొచ్చు. ఒంటికి ఆ తెల్లపొడే పూసుకుని ఉంటుంది కాబట్టి నల్లిగానే పొరబడతాం. ప్యూపా మాత్రం కోతి మొహంలా ఉంటుంది. కాయల్లోపల బతికేవాటికీ వేరే పద్ధతి కావాలి. దానిమ్మ కాయతొలుచు పురుగు కూడా ఒక సీతాకోకచిలుక పిల్లే, ఆకులన్నీ తిరగేసినా కనబడదు. కాయకు రంధ్రం, దాని చుట్టూ విసర్జన ఉన్నాయేమో చూడాలి.

రెక్కలున్నవాటి విషయానికొస్తే, జనం పైభాగం ఫొటో తీసి పంపుతారు. నా మాట వింటే ముందు కింది భాగం తీయండి. పచ్చిక మీద ఎగిరే చిన్న నీలాలన్నీ పై నుంచి ఒకేలా ఉంటాయి. కింద, ముందు రెక్క మధ్య గదిలో (ఈనెలు చుట్టిన ఖాళీలో) చుక్క ఉందా లేదా అన్నది లెస్సర్ గ్రాస్ బ్లూని గుర్తుపట్టడానికి పనికొస్తుంది. దానికి ఆ చుక్క ఉండదు. ఆడ మార్మన్‌లలో ఒక రూపం కామన్ రోజ్‌ను, మరో రూపం క్రిమ్సన్ రోజ్‌ను అనుకరిస్తుంది. రెక్కల దగ్గర ఎంతసేపు తికమకపడ్డా తేలదు, ఒళ్లు చూడండి: రోజ్‌ల ఒళ్లు ఎర్రన, మార్మన్‌ది నల్లన. ప్లెయిన్ టైగర్ వేషం కట్టే ఆడ డనాయిడ్ ఎగ్‌ఫ్లైని వెనక రెక్క పట్టిస్తుంది. టైగర్‌కు రెక్క మధ్యలో మూడు నల్లచుక్కలు, మగదైతే నాలుగు. ఎగ్‌ఫ్లైకి పై అంచు దగ్గర ఒక్కటే. టైగర్‌ది తీరిక నడకలాంటి ఎగురుడు కూడా, కానీ బెదిరినప్పుడు అదీ వేగంగానే పోతుంది. కాబట్టి ఎగిరే తీరును సాక్ష్యంగా రెండో వరసలోనే ఉంచండి.

కాలం కూడా మోసం చేస్తుంది. కామన్ ఈవెనింగ్ బ్రౌన్ వానాకాలంలో కింది వైపు కళ్లలాంటి చుక్కల వరసతో ఉంటుంది, ఎండు రుతువులో ఆ కళ్లు మాయమై ఎండుటాకులా మారుతుంది. పీకాక్ పాన్సీ కూడా అంతే, రెక్క అంచు కూడా కోణంగా సాగుతుంది. పుస్తకంలో ఒక్క బొమ్మే ఉంటే సగం ఏడాది మీరు కొత్త జాతిని కనిపెట్టినట్టే. అందుకే నోటుపుస్తకంలో తేదీ, మొక్క, పురుగు ఆకు మీద ఏ వైపున ఉంది అనేవి పేరు కంటే ముందు రాయాలి. ఫోన్ యాప్ చెప్పిన పేరును పెన్సిల్‌తో రాసుకోండి.

పేరు తేలని పురుగును పెంచడమే దారి. లీటరు సీసాకు ఒకటి రెండు పురుగులు చాలు. మూతి గుడ్డ కట్టి ఉండాలి. అది దొరికిన మొక్క ఆకే పెట్టాలి. కొమ్మను చిన్న నీళ్ల బుడ్డిలో నిలిపి, బుడ్డి మూతిని దూదితో బిగించాలి, లేకపోతే పురుగు కాండం వెంట దిగి మునిగిపోతుంది. అడుగున పరిచిన కాగితం రోజూ మార్చకపోతే తడి పేరుకుని బూజు పడుతుంది. మందు కొట్టిన మొక్క ఆకు పెడితే ఒక్కపూటలో పురుగు మెత్తబడి వేలాడుతుంది. అడవిలోంచి తెచ్చిన పెద్ద పురుగుల్లో చాలా భాగం సీతాకోకచిలుకలు కావు, కందిరీగలో ఈగలో బయటికొస్తాయి. పురుగు ఒంటిమీద తెల్లటి బియ్యపుగింజల్లాంటివి కనబడితే గుడ్లు పెట్టిందని మురిసిపోకండి, అవి పరాన్న కందిరీగల గూళ్లు. గుడ్డు నుంచి పెంచితేనే ఈ బెడద బాగా తగ్గుతుంది.

ప్యూపాలో ఉన్నది చివరి రోజు పైపొర పల్చబడి రెక్కల రంగు కనిపిస్తుంది. నల్లబడి మెత్తగా కుంగితే చచ్చినట్టు. బయటికొచ్చాక రెక్కలు చాపుకోవడానికి దానికి వేలాడే చోటు కావాలి, రెక్క పొడవుకు రెట్టింపు ఖాళీ ఉంచండి, లేకపోతే ముడుచుకున్నట్టే ఎండిపోతాయి. అప్పుడు కారే ఎర్రటి ద్రవం రక్తం కాదు, ప్యూపాలో పేరుకున్న వ్యర్థం. రెక్కలు గట్టిపడేదాకా గంటా రెండు గంటలు అది కదలదు, చుక్కలన్నీ చెక్కుచెదరకుండా ఉండే సమయం అదే. కింది భాగం, పైభాగం, మీసాల చివరలు ఆ వరసలో తీసుకుని, దొరికిన మొక్క దగ్గరికే తీసుకెళ్లి వదలండి.