నమోదైన ఊరు

బెంగళూరులో మా అపార్ట్‌మెంటుకు ఎదురుగా లేస్తున్న భవనానికి మొన్న జూన్‌లో పదకొండో శ్లాబు పడింది. పని చేసేవాళ్ళలో చాలామంది పాలమూరు వాళ్ళే. వర్తూరు రోడ్డు పక్కన రేకుల షెడ్లలో ఉంటారు. సెంట్రింగ్ మేస్త్రీ భార్య రోజూ రాత్రి ఎనిమిదింటికి పాల కొట్టు మెట్ల మీద కూర్చుని ఊళ్ళో ఉన్న కూతురితో ఫోనులో మాట్లాడేది. అవ్వ దగ్గర పెరుగుతున్న తొమ్మిదేళ్ళ పిల్ల. తిన్నావా, జడ ఎవరు వేశారు, నోటుబుక్కు కొన్నారా: మాటలు అంతే. కానీ పిల్ల ముఖం తెరలో సరిగా కనబడేదాకా ఆమె ఫోనును అటూ ఇటూ తిప్పుతూనే ఉండేది.

అలా ఫోను తిప్పే చేతిని నేను ముందొకసారి చూశాను. చైనాలోని షెన్‌జెన్‌ నగరంలో.

వైద్య పరికరాలు తయారు చేసే ఒక చిన్న సంస్థకు విడిభాగాలు కొనిపెట్టడం నా ఉద్యోగం. 2012 నుంచి 2019 వరకు ఏడాదికోసారి హువాచ్యాంగ్‌బెయ్ ఎలక్ట్రానిక్స్ బజారుకు వెళ్ళేదాన్ని. అక్కడ మేము సరుకు కొనే దుకాణంలో ఒక అమ్మాయి పని చేసేది. హునాన్ రాష్ట్రంలో ఒక పల్లెటూరిది. పదిహేడో ఏట ఫ్యాక్టరీ పనికి వచ్చి, రాత్రి తరగతుల్లో ఇంగ్లీషు నేర్చుకుని, లైను మీద నుంచి దుకాణం బల్ల దాకా ఎదిగింది. నన్ను ‘జ్యే’ అని పిలిచేది, అంటే అక్క. కొడుకు మాత్రం హునాన్‌లో నాయనమ్మ దగ్గరే ఉండేవాడు. అంత సంపాదిస్తున్నావు, పిల్లాడిని తెచ్చుకోకూడదా అని ఒకసారి అడిగాను. ఆమె సంచిలోంచి ఏదో తీయబోయి ఆగి, ‘వాడి పుస్తకం అక్కడిది’ అంది.

ఆ పుస్తకం పేరు హుకౌ. ఇంటింటికీ ఒకటి ఉండే నమోదు పుస్తకం. 1958లో చట్టం చేసి ప్రతి మనిషినీ ఒక ఊరికి, పల్లె లేదా పట్నం అనే ఒక ముద్రకు కట్టేశారు. తిండి గింజలు కూపన్ల మీద ఇచ్చిన కాలంలో పట్నం ముద్ర లేనివాడు పట్నంలో బతకలేడు. నన్ను కుదిపిన సంగతి ఇంకొకటి ఉంది. 1998 దాకా పిల్లలకు ఆ ముద్ర తల్లి నుంచే వచ్చేది. తండ్రిది పట్నమైనా తల్లిది పల్లె అయితే పిల్లదీ పల్లే. కులం పుట్టుకతో వస్తుందని ఎరిగిన మనకు ఈ లెక్క అర్థం కావడానికి ఎంతసేపో పట్టదు. కాకపోతే సమానత్వం పేరు మీద వచ్చిన ప్రభుత్వం దీన్ని కాగితం మీద, కార్యాలయంలో, స్టాంపు వేసి తయారు చేసింది.

1980లో షెన్‌జెన్‌ను ప్రత్యేక ఆర్థిక మండలిగా ప్రకటించాక ఫ్యాక్టరీలకు చేతులు కావాల్సి వచ్చాయి. పల్లెల నుంచి మనుషులను రానిచ్చారు, పుస్తకాలను రానివ్వలేదు. తాత్కాలిక నివాస పత్రం దగ్గర లేనివాళ్ళను పోలీసులు పట్టుకుని సొంతూరికి తిప్పి పంపేవారు. 2003లో గ్వాంగ్‌జౌ నగరంలో సున్ జిగాంగ్ అనే యువకుడు, చదువుకున్నవాడు, డిజైనర్, ఆ పత్రం చూపలేక పట్టుబడి, నిర్బంధంలో దెబ్బలు తిని చనిపోయాడు. దేశమంతా అట్టుడికింది. ఆ వేసవిలోనే ఆ నిర్బంధ నిబంధనలను రద్దు చేశారు. ఒక్కడి చావుతో ఒక చట్టం పోయింది, పుస్తకం మాత్రం మిగిలింది. పల్లె, పట్నం అనే తేడాను తీసేస్తామని 2014లో ప్రకటించారు. 2020 జనాభా లెక్కల నాటికి నమోదైన చోటు వదిలి మరో చోట బతుకుతున్నవారు 37 కోట్ల పైనే.

షెన్‌జెన్‌లో బాగా వినబడే నినాదం ఒకటుంది: ‘వచ్చావంటే నువ్వు షెన్‌జెన్ మనిషివే.’ అది పచ్చి అబద్ధం అనను. ఆ నగరంలో అందరూ వలస వచ్చినవాళ్ళే, యాస పట్టుకుని వెక్కిరించేవాళ్ళు తక్కువ. కానీ బడిలో సీటుకు పాయింట్లు ఉంటాయి. సొంత ఇల్లుంటే పాయింట్లు, సామాజిక బీమా ఏళ్ళ తరబడి కట్టి ఉంటే పాయింట్లు. డిగ్రీ ఉన్నవాళ్ళకు హుకౌ మార్చుకోవడమే సులువు. ఆ హునాన్ అమ్మాయికి డిగ్రీ లేదు, దుకాణం యజమాని బీమా కట్టలేదు, ఇల్లు కొనే మాటే లేదు. గోడకు తలుపు పెట్టారు, నిజమే. అప్పటికే పైకి వచ్చినవాళ్ళు దాటగలిగే ఎత్తులో పెట్టారు.

ఆమె ఉండే చోటుకు ఒకసారి తీసుకెళ్ళింది. చుట్టూ అద్దాల మేడలు, నడుమ ఒక పాత ఊరు. ఎదురెదురు కిటికీల్లోంచి చేతులు కలుపుకోవచ్చన్నంత దగ్గరగా కట్టిన ఏడంతస్తుల ఇళ్ళు. వాటిని కరచాలనం ఇళ్ళనే అంటారు. సందులో నడుస్తుంటే మిట్టమధ్యాహ్నం కూడా ట్యూబులైటు వెలుతురే. చైనాలో పట్నం భూమి ప్రభుత్వానిది, పల్లె భూమి ఊరి సమష్టిది. నగరం చుట్టుముట్టినా ఇంటి స్థలాలు ఊరివాళ్ళ చేతిలోనే ఉండిపోవడంతో నిన్నటి రైతులు ఈనాటి ఇంటి యజమానులయ్యారు. పల్లె ముద్రే షెన్‌జెన్ రైతును ధనవంతుడిని చేసింది, అదే ముద్ర హునాన్ రైతు కూతురిని అతని ఇంట్లో అద్దెకు ఉంచింది. వర్తూరులో మా మొదటి ఇంటి యజమాని రాగి పండించిన పొలంలోనే నాలుగంతస్తులు కట్టి ఇంజనీర్లకు అద్దెకిచ్చాడు. ఆ సందులో నిలబడినప్పుడు నాకు ఆయనే గుర్తొచ్చాడు.

మన దగ్గర ఇలాంటి పుస్తకం లేదని నేను చాలాకాలం గర్వంగా చెప్పేదాన్ని. ఎక్కడైనా ఉండవచ్చు, ఎక్కడైనా బతకవచ్చు అని రాజ్యాంగమే రాసిచ్చింది. తరువాత మావాడు పీయూసీ, అంటే ఇక్కడి ఇంటర్, పూర్తి చేశాడు. ఎనిమిదో తరగతిలో అనంతపురం నుంచి వచ్చాం కాబట్టి కాలేజీ సీటుకు కర్ణాటక అడిగే ఏడేళ్ళ చదువు ఇక్కడ నిండలేదు. ఆంధ్రలో, చివరి నాలుగేళ్ళు అక్కడే చదివి ఉండాలనే లెక్కలో నాన్ లోకల్ అయ్యాడు. రెండు రాష్ట్రాల మధ్య వాడు ఎక్కడివాడో నేను చెప్పగలను గానీ కౌన్సెలింగ్ పత్రం చెప్పలేకపోయింది. డబ్బు కట్టి ఒక ప్రైవేటు కాలేజీలో చేర్చాం. కట్టగలిగాం. ఆ మాట దగ్గరే నేను ఆగిపోతాను. మా వాడి కాగితం లోటును మా జీతం పూడ్చింది. మేస్త్రీ కూతురికి ఏ కాగితమూ అడ్డం లేదు, అయినా తల్లికి మూడు వందల కిలోమీటర్ల పైన దూరంలో పెరుగుతూ ఉండేది.

ఎందుకని తల్లిని అడిగాను. ‘ఆరు నెలలకొక సైటు మారతామమ్మా. బడిలో వేస్తే ఎవరు దింపుతారు? టీసీ కావాలంటారు, పుట్టిన తేదీ కాగితం కావాలంటారు. పైగా ఇక్కడ కన్నడం’ అంది. టీసీ ఆలస్యమైందని గానీ, వయసు ధ్రువపత్రం లేదని గానీ ఎనిమిదో తరగతి లోపు పిల్లలకు బడి తలుపు మూయకూడదని 2009 విద్యాహక్కు చట్టంలో స్పష్టంగా ఉంది. ఆ మాట ఆమెకు ఎవరూ చెప్పలేదు. పక్కనే ఉంటూ మూడు నెలలు నేనూ చెప్పలేదు.

షెన్‌జెన్ అమ్మాయి 2019లోనే ఉద్యోగం మానేసింది. కొడుకు పెద్ద తరగతుల్లోకి వస్తున్నాడు, తమలాంటివాళ్ళ పిల్లలు విశ్వవిద్యాలయ ప్రవేశ పరీక్ష ఎలాగూ హుకౌ ఉన్న చోటే రాయాలి. ఇప్పుడు పక్కన లేకపోతే ఇంకెప్పుడు అని రాసింది. పదమూడేళ్ళు కష్టపడి ఎక్కిన మెట్లు దిగి, సొంత జిల్లా పట్నంలో ఒక సూపర్‌మార్కెట్‌లో సగం జీతానికి చేరింది. తప్పు చేశావని అనే హక్కు నాకు లేదు. కానీ ఆ తెలివి, ఆ ఇంగ్లీషు, ఆ చురుకుదనం తలుచుకుంటే ఇప్పటికీ కడుపు రగులుతుంది.

జూలైలో మేస్త్రీ కూతురు వచ్చింది. చట్టంలోని ఆ సెక్షన్లు ముద్రించుకుని తల్లితో పాటు దగ్గర్లోని ప్రభుత్వ బడికి వెళ్ళాను. వాటిని చూపే అవసరమే రాలేదు. ప్రధానోపాధ్యాయురాలు పిల్ల పేరు అడిగి, నాలుగో తరగతిలో రాసుకుని, టీసీ వచ్చినప్పుడు ఇవ్వండి అంది. తిరిగి వస్తుంటే పిల్ల దుకాణాల బోర్డులు కూడబలుక్కుంటూ నడిచింది. కన్నడ అక్షరాల తలకట్టు తేడా తప్పిస్తే చాలా వరకు దానికి తెలిసినవే.

డిసెంబరుకు ఈ భవనం పూర్తవుతుందట. తరువాతి సైటు హొసకోట దగ్గర అంటున్నారు. అక్కడి బడి షెడ్లకు ఎంత దూరమో ఈ ఆదివారం వెళ్ళి చూసి రావాలి.