శ్రీకూర్మం యాత్రలో ఒక కల్పిత సముద్రం

మహాలయ పక్షంలో నాన్నగారికి శ్రీకూర్మంలో పిండప్రదానం చేయాలని అమ్మ ఎప్పటినుంచో అంటోంది. అమావాస్యకు అక్కడ ఉండేలా శ్రీకాకుళం బయలుదేరాం. మాతోపాటు తొమ్మిదో తరగతి చదువుతున్న మా మేనల్లుడు. వాడి సంచిలో బట్టలకన్నా కాగితాలే ఎక్కువ. కొంతకాలంగా వాడు ఒక లోకాన్ని కల్పిస్తున్నాడు. దానికి పటం ఉంది, రాజులున్నారు, పన్నులు కూడా ఉన్నాయి. అందులోని కాటుక సముద్రంలో అమావాస్య రాత్రి వచ్చే పోటు నీలంగా వెలుగుతుంది. వెలుగుపోటు అని పేరు పెట్టాడు. అది ఎందుకు వెలుగుతుందో మాత్రం వాడికే తెలియదు.

“రహస్యం కదా మామయ్యా, కారణం ఉండకూడదు” అన్నాడు రైల్లో. చదివేవాళ్లకు చెప్పకపోతే సరే, రాసేవాడికైనా తెలియకపోతే ఎలా? శ్రీకాకుళం రోడ్ స్టేషన్‌లో దిగేదాకా మా ఇద్దరికీ ఇదే వాదన.

ముందు అరసవల్లి సూర్యదేవాలయానికి వెళ్లాం. మార్చిలోనూ అక్టోబర్ మొదట్లోనూ కొన్ని ఉదయాలు సూర్యకిరణాలు నేరుగా లోపలికి వచ్చి స్వామి పాదాలను తాకుతాయి. సరిగ్గా ఆ రోజులే, కానీ ఆకాశం నిండా మబ్బు. “ఆయన రాకపోతే ఏం, మనం వచ్చాం కదా” అని అమ్మ దండం పెట్టుకుంది. మేనల్లుడు మాత్రం ద్వారం వైపు, గర్భగుడి వైపు మార్చి మార్చి చూశాడు. తేదీ చూసుకుని వచ్చే వెలుతురు వాడికి కొత్త.

శ్రీకూర్మం చేరేసరికి ఎండ కాసింది. శ్వేతపుష్కరిణి గట్టున మాలాగే పెద్దల కోసం వచ్చిన కుటుంబాలు వరసగా కూర్చున్నాయి. కార్యం ముగించి లోపలికి వెళ్లాం. ఇక్కడ స్వామి నిజంగా తాబేలు ఆకారంలోనే ఉంటాడు. తల పడమటికి, తోక తూర్పుకి. ఆలయానికి రెండు ధ్వజస్తంభాలు. ప్రదక్షిణ మండపంలో ఒక స్తంభంలా ఇంకొకటి ఉండదు. పాత వర్ణచిత్రాలు వెలిసిపోతున్నా నేను వాటి దగ్గర చాలాసేపు నిలబడిపోయాను. వాటిని ఇంకా జాగ్రత్తగా చూసుకోవాలనిపించింది. ఆవరణలో పెంచుతున్న నక్షత్ర తాబేళ్ల దగ్గర మేనల్లుడు దొరికాడు.

అక్కడే చెట్టునీడన అమ్మ స్థలపురాణం అందుకుంది. శ్వేతచక్రవర్తి రాణి ఏకాదశి వ్రతంలో ఉంది. రాజు వ్రతభంగం చేయబోతే ఆమె మనసులోనే విష్ణువును వేడుకుంది. ఇద్దరి మధ్యా నీళ్లు పుట్టి, ప్రవాహమై రాజును లాక్కుపోయాయి. ఆయన పశ్చాత్తాపపడి, నారదుడు చెప్పిన కూర్మమంత్రంతో తపస్సు చేస్తే స్వామి ఈ రూపంలో వెలిశాడు.

“అంటే ఆ నీళ్లు ఊరికే రాలేదన్నమాట” అన్నాడు వాడు.

“ఊరికే వచ్చే నీళ్లకు ఎవరైనా గుడి కడతారా?” అంది అమ్మ. నేను రైల్లో అంతసేపు వాదించి చెప్పలేకపోయింది ఈ ఒక్క మాటలో వచ్చేసింది.

నిజమైన సముద్రాలు కూడా వెలుగుతాయని అప్పుడు చెప్పాను. 2019లోనూ 2024లోనూ చెన్నై తీరంలో అలలు నీలంగా మెరిస్తే జనం రాత్రివేళ ఇసుకలో గుమిగూడారు. దానికి కారణం నాక్టిలూకా అనే ఏకకణజీవి. దాని ఒంట్లో లూసిఫెరిన్ అనే పదార్థం ఆక్సిజన్‌తో కలిసినప్పుడు వేడి లేని వెలుగు పుడుతుంది. నీరు కదలకుండా ఉన్నంతసేపూ చీకటే. అల విరిగినా, తెడ్డు పడినా, చేప తోక ఆడించినా మెరుపు.

“చిలికితేనే వెలుగుతుందన్నమాట!” మేనల్లుడు గర్భగుడి వైపు చూశాడు. మందరపర్వతాన్ని వీపున మోసి సముద్రాన్ని చిలికించిన స్వామి ముంగిట్లోనే ఉన్నాం మరి.

కదపకపోయినా వెలిగే సముద్రం ఇంకొకటుంది. నావికులు దాన్ని పాలసముద్రం అంటారు. అక్కడ వెలిగేది బాక్టీరియా. అల ఉన్నా లేకపోయినా నీరంతా ఒకేలా తెల్లగా, రాత్రంతా వెలుగుతుంది. 1995లో సోమాలియా దగ్గర ఒక ఓడ చూసినదాన్ని పదేళ్ల తర్వాత పాత ఉపగ్రహ చిత్రాల్లో పోల్చుకున్నారు. దాని విస్తీర్ణం సుమారు 15,400 చదరపు కిలోమీటర్లు. 2019లో జావాకు దక్షిణాన లక్ష చదరపు కిలోమీటర్లకు మించి వెలిగింది. అప్పుడు దాని మీదుగా వెళ్లిన పడవ పేరు గణేశ. అమ్మకు బాక్టీరియా పట్టలేదు గానీ, ఆ పేరు విని మాత్రం నిటారుగా కూర్చుంది.

సాయంత్రం వంశధార సముద్రంలో కలిసే కళింగపట్నం వెళ్లాం. అమావాస్య పోటు బలంగానే ఉంది. చంద్రుడూ సూర్యుడూ ఒకే వైపు నుంచి లాగే రోజు కాబట్టి వాడు తిథి సరిగ్గానే ఎంచుకున్నాడు. చీకటి పడ్డాక నీళ్లలో కాళ్లు ఆడించి చూశాడు. ఏమీ వెలగలేదు. ఒడ్డున వల సర్దుకుంటున్న పెద్దాయన నవ్వి, కొన్ని చీకటి రాత్రుల్లో వేటకు వెళ్లినప్పుడు నీటి కింద చేపల గుంపు గీతలా మెరుస్తూ పోతుందని, దాన్ని చూసే వల వేస్తామని చెప్పాడు. మేనల్లుడు ఫోను వెలుతురులో గబగబా రాసుకున్నాడు. తిరుగు ప్రయాణంలో కాటుక సముద్రానికి రెండు వెలుగులు వచ్చాయి. తెడ్డు పడితే మెరిసేది దొంగ పడవలను పట్టిస్తుంది. కదలకుండా వెలిగేది వస్తే రాజు కూడా నీట్లో కాలు పెట్టడు. రెండోది నాకు బాగా నచ్చింది.

అమ్మ అంతటితో వదలలేదు. వెలుగుపోటు రోజున ఆ లోకంలో అందరూ ఉపవాసం ఉండాలంది.

“బెస్తవాళ్లు కూడానా అమ్మమ్మా? మర్నాడు తెల్లవారుజామునే వేటకెళ్లాలి వాళ్లు.”

“అయితే చద్దన్నం తినవచ్చు.”

అందులోకి ఎండుచేప నంజుకోవచ్చా లేదా అన్నది తేలేలోపు రైలు వచ్చేసింది.