మన గొంతు వద్దన్నప్పుడు

ఆడియాలజీలో (వినికిడి శాస్త్రంలో) పీహెచ్‌డీకి అమెరికా వచ్చిన మనవాళ్లకి మొదట్లోనే తగిలే మాట ఒకటుంది: "స్పీచ్ టెస్టు నీ గొంతుతో ఇవ్వకు, రికార్డింగే పెట్టు." స్పీచ్ టెస్టంటే పదాలు వినిపించి, పేషెంటు వాటిలో ఎన్ని సరిగ్గా తిరిగి చెప్పారో లెక్కగట్టే పరీక్ష. ఇంటి దగ్గర ఓపీడీలో ఎంతోమందిని పరీక్షించి వచ్చినవాళ్లకి ఆ మాట యాసను ఎత్తిపొడిచినట్టే ఉంటుంది. మనసు చివుక్కుమంటుంది.

కానీ ఆ మాటలో న్యాయముంది. ఇంగ్లీషులో పదం మొదట్లో వచ్చే ప, ట, కలను గాలి వదిలి పలుకుతారు, మనం వదలం. అమెరికన్ చెవికి మన ప ఒక్కోసారి బ అయిపోతుంది. మరి తప్పు పేషెంటు చెవిదా, మన నోటిదా? ఆ మాటకొస్తే అమెరికన్ చదివినా అంతే. మనిషి మారితే స్కోరు మారుతుంది.

రికార్డింగ్ మొదట్లో 1000 హెర్ట్జ్ టోన్ ఉంటుంది. ధ్వని స్థాయి చూపే వీయూ మీటర్ ముల్లు సున్నా మీద నిలిచేదాకా దాన్ని సరిచేశాక ఇక ఆ నాబ్ ముట్టుకోకూడదు. ఇది వదిలేస్తే డయల్ మీద 50 డెసిబెల్స్ కనిపించినా చెవికి చేరేది అంత కాదు. టైం లేదని ఎన్‌యూ-6 అనే ఇంగ్లీషు పరీక్ష జాబితాలోని 50 పదాల్లో సగంతో సరిపెట్టడం ఇంకో చిక్కు. 1978లో థార్న్‌టన్, రాఫిన్ అనే పరిశోధకులు ఇచ్చిన పట్టిక ప్రకారం 50 పదాలతో 80 శాతం వచ్చినవాళ్లకి మరోసారి 64 నుంచి 92 లోపు ఎంతొచ్చినా వినికిడి మారిందనలేం. 25 పదాలైతే ఆ హద్దులు 56, 96.

అయినా మనవైపు మాట కూడా చెప్పాలి. పెద్దవాళ్ల కోసం పదం పదానికీ ఆగి, ముఖం చూసి కదిలే ఓపిక రికార్డింగ్‌కి లేదు. చిన్నపిల్లలకి ఇక్కడా చాలాసార్లు నోటితోనే చెబుతారు. కొడుకు దగ్గరికి వచ్చిన తెలుగు పెద్దావిడకి ఇంగ్లీషు జాబితా పెట్టి 40 శాతం అని రాస్తే, అందులో చెవి లోపమెంత, భాష రాకపోవడమెంత?

ఈ ప్రశ్న వేస్తే మంచి గైడ్ కసురుకోరు, "అయితే తెలుగు జాబితా తయారుచెయ్" అంటారు. తెలుగులో ఏకాక్షర పదాలు తక్కువ కాబట్టి రెండక్షరాలవి ఏరాలి. శ్రీకాకుళంలోనూ నిజామాబాద్‌లోనూ వాడుకలో ఉన్నవే ఉంచాలి, ఎక్కువ కాలం తినేది ఇదే. ఒకే గొంతుతో రికార్డు చేసి, అన్ని పదాల ఆర్‌ఎంఎస్ (సగటు ధ్వని) స్థాయి సమం చేసి, వినికిడి బాగున్నవాళ్లకి రకరకాల స్థాయిల్లో వినిపించాలి. మరీ తేలిగ్గానో మరీ కష్టంగానో తేలినవి తీసేయాలి. మిగిలినవాటిని జాబితాలుగా విడదీసి, ఏ జాబితా పెట్టినా స్కోరు ఒకేలా వస్తోందని తేలాకే పేషెంటు చెవిదాకా వెళ్లాలి.