ముఖం కనపడని హీరో కోసం సిసిలీ దాకా

ఇటలీ దీవి సిసిలీలోని పాలెర్మో నగరంలో దిగిన మర్నాడే బస్సు మిస్సయ్యాను. ఫోన్‌లో టైమ్‌టేబుల్ ఒకలా ఉంది, స్టాప్ దగ్గర అంటించిన కాగితంలో ఇంకోలా ఉంది. పక్కనున్న పెద్దాయన రెండూ చూసి నవ్వేసి ఊరుకున్నాడు. ఇంకో బస్సుకి రెండు గంటలు. అసలు ఇంత దూరం ఎందుకొచ్చానా అని ఎండలో కూర్చుని ఆలోచించుకోవడానికి బోలెడు టైం దొరికింది.

వచ్చింది ఒక సినిమా పట్టుకుని. ఇటాలియన్ దర్శకుడు ఫ్రాన్చెస్కో రోజి సినిమా, 1962లో వచ్చిన 'సాల్వతోరే జులియానో'. జులియానో సిసిలీ బందిపోటు. 1950 జూలై 5న కాస్తెల్‌వేత్రానో అనే ఊళ్లో, ఇళ్ల మధ్య వాకిట్లో శవమై పడి ఉన్నాడు. ఎదురుకాల్పుల్లో చంపామని పోలీసులు ప్రకటించారు. ఎదురుకాల్పులు అన్న మాట వినగానే మనకి మిగతా కథ ఎవరూ చెప్పక్కర్లేదు. తొమ్మాసో బెసొజ్జి అనే విలేకరికీ అనుమానం వచ్చింది. ఆయన రాసిన కథనం శీర్షిక: 'చచ్చిపోయాడన్నదొక్కటే ఖాయం.' రోజి సినిమా సరిగ్గా ఆ శవం దగ్గరే మొదలవుతుంది.

మొదటిసారి చూసినప్పుడు గంటసేపు హీరో కోసం కాచుకుని కూర్చున్నాను. ఎంట్రీ సీనుకి కాగితాలు చింపి ఎగరేసే హాళ్లలో పెరిగినవాణ్ని మరి. రాడే! బతికున్నంతసేపూ దూరంగా కొండ మీద తెల్ల కోటు ఒకటి కదులుతుంది, అంతే. ముఖం తీరిగ్గా చూపించేది చనిపోయాకే. చిరాకేసి ఆపేశాను కూడా. మళ్లీ ఎప్పుడో చూస్తుంటే తట్టింది, ఈయన అడిగేది జులియానో ఎలాంటివాడని కాదు, వాణ్ని వాడుకున్నది ఎవరని. రోజి నేపుల్స్‌లో లా చదివాడు. ఆ చదువు ఎక్కడికీ పోలేదు.

బస్సు ఎక్కించి దింపింది పియానా దెల్యి అల్బనేజి అనే కొండ ఊళ్లో. ఐదు వందల ఏళ్ల కిందట తురుష్కుల దాడులకి అల్బేనియా వైపు నుంచి పారిపోయి వచ్చినవాళ్ల ఊరది. ఇప్పటికీ ఇంట్లో ఆ భాషే, వీధి బోర్డులూ రెండు భాషల్లో ఉన్నాయి. ఇక్కడి కనోలీ పేరున్న మిఠాయి. నూనెలో వేయించిన గొట్టంలో గొర్రెపాల రికోటా కూరి ఇస్తారు. నాకిచ్చింది జానెడు ఉంది. కొరకగానే గొట్టం పెళుక్కుమని విరిగి సగం చొక్కా మీద పడింది. ఆ మరకతోనే నడక మొదలుపెట్టాను, పోర్టెల్లా దెల్లా జినెస్త్రా వైపు. పోర్టెల్లా అంటే కనుమ. జినెస్త్రా అంటే పసుపుపచ్చ పూలు పూసే ఒక పొద. నేను వెళ్లింది మే నెల, దారి పొడుగునా పూలే.

1947 మే 1న ఈ కనుమలోకి చుట్టుపక్కల ఊళ్ల రైతులు పిల్లాపాపలతో, గాడిదలతో వచ్చారు. పదకొండు రోజుల ముందే సిసిలీ ప్రాంతీయ ఎన్నికల్లో వామపక్ష కూటమికి అందరికన్నా ఎక్కువ ఓట్లు పడ్డాయి. జమీందార్ల బీడు భూములు తమకి వస్తాయన్న ఆశ. ఒక చెప్పులు కుట్టే ఆయన మాట్లాడటం మొదలుపెట్టాడు. టపటపమని శబ్దం వచ్చింది. పండగ కదా, టపాసులనుకున్నారు. పదకొండు మంది పోయారు, వాళ్లలో పిల్లలూ ఉన్నారు. కాల్చింది జులియానో ముఠా. కాల్చమన్నది ఎవరో ఏ కోర్టులోనూ తేలలేదు.

ఇప్పుడక్కడ మనిషికన్నా ఎత్తయిన రాళ్లు నిలబెట్టి ఉన్నాయి. వాటి మీద పేర్లు చెక్కారు. టికెట్టు లేదు, కాపలా లేదు. గాలి మాత్రం చెవులు మూసుకునేంత. రోజి ఆ సన్నివేశం ఇక్కడే తీశాడు, ఈ ఊళ్ల జనంతోనే. ఆ రోజు నిజంగా ఉన్నవాళ్లూ అందులో ఉన్నారు. పద్నాలుగేళ్ల తర్వాత అదే నేల మీద మళ్లీ పరుగెత్తమంటే వాళ్లకెలా ఉండి ఉంటుందో. సినిమాలో కెమెరా జనం మధ్యే ఉండిపోతుంది. తుపాకి పట్టినవాడి దగ్గరికి వెళ్లదు. రాళ్ల మధ్య నిలబడి పిజ్జూతా కొండ వైపు చూశాను. ఏ బండ వెనక నుంచి కాల్చారో ఎంత కళ్లు చికిలించినా పోల్చుకోలేం. ఆ ఫ్రేమ్ పెట్టడానికి రోజి కొత్తగా ఏమీ కల్పించలేదు, రైతు నిలబడ్డ చోట నిలబడ్డాడు.

1963లో వచ్చిన 'లె మాని సుల్లా చిత్తా'లో రోజి నేపుల్స్ బిల్డర్లని పట్టుకున్నాడు. కూలిన భవనంతో మొదలయ్యే ఆ సినిమాకి వెనిస్ చిత్రోత్సవంలో అత్యున్నత బహుమతి గోల్డెన్ లయన్ వచ్చింది. అది నాకు ఇంకా ఇష్టం, కానీ దాని కోసం నేపుల్స్ వెళ్లాలి, నా సెలవులు అయిపోయాయి.

సాయంత్రం పాలెర్మో తిరిగొచ్చి ఇంకొక్క చోటుకి వెళ్లాను, వియాలె దెల్లె మాన్యోలియే. మామూలు అపార్ట్‌మెంట్ల వీధి. బాల్కనీల్లో బట్టలు, గేట్ల ముందు స్కూటర్లు. ఇటలీ చమురు సంస్థ అధిపతి ఎన్రికో మత్తేయి 1962 అక్టోబర్ 27న సిసిలీ నుంచి బయల్దేరిన విమానం కూలి చనిపోయాడు. ఆయన మీద సినిమా తలపెట్టిన రోజి, సిసిలీలో ఆ చివరి రెండు రోజులూ ఏం జరిగిందో ఆరా తీయమని మౌరో దె మౌరో అనే విలేకరిని అడిగాడు. 1970 సెప్టెంబర్ 16 రాత్రి దె మౌరో ఈ వీధిలోనే కారు ఆపాడు. మళ్లీ ఎవరికీ కనపడలేదు, శవమూ దొరకలేదు. రోజి సినిమా ఆపలేదు. 1972లో వచ్చిన 'ఇల్ కాజో మత్తేయి'లో ఈ మాయమవడాన్నీ కలిపేశాడు, దర్శకుడిగా తనే తెర మీదికొచ్చి. దానికి కాన్ చిత్రోత్సవంలో అత్యున్నత బహుమతి వచ్చింది, ఎలియో పెత్రి అనే మరో దర్శకుడి సినిమాతో కలిపి. రెండింట్లోనూ హీరో జాన్ మరియా వొలొంతే.

ఆ రాత్రి దె మౌరో కూతురు ఇంటి గుమ్మం దగ్గరుంది. తండ్రి కారు చుట్టూ ఎవరో ఉన్నారు. ఒక్క మాట మాత్రం చెవిన పడింది. 'అమునీ.' సిసిలీ యాసలో 'పద' అని.

నేను అక్కడున్న పది నిమిషాల్లో స్కూలు బ్యాగుతో ఒక కుర్రాడు కిందికి దిగాడు. వాళ్లమ్మ బండి స్టార్ట్ చేసి అదే మాట అంది.