ఓవెన్ లేకుండా చాక్లెట్, పీనట్ బటర్ పుడ్డింగ్ పై: ముక్క నిలబడాలంటే

ఇక్కడ పై (pie) అంటే బిస్కెట్ అడుగు మీద పొరలు పరిచి, ముక్కలుగా కోసుకునే తీపి వంటకం. ఓవెన్ అక్కర్లేదనగానే ఇదేదో తేలికైన వంటకం అనుకుంటారు. చేతిపని వరకు నిజంగా తేలికే. కానీ ఓవెన్‌లో అయితే వేడికి కొంత తడి ఆవిరైపోతుంది, బిస్కెట్ అడుగు గట్టిపడి కరకరలాడుతుంది. ఇక్కడ ఆ సాయం లేదు. మనం ఎంత తడి పోస్తే అంతా లోపలే ఉండిపోతుంది. దాన్ని పట్టి ఉంచేవి మూడే: కార్న్‌ఫ్లోర్, కొవ్వు, చల్లదనం. కోసిన ముక్క పళ్లెంలో నిటారుగా నిలబడుతుందా, పక్కకు జారిపోతుందా అన్నది ఈ మూడింటిని ఎలా వాడామన్న దాన్ని బట్టే ఉంటుంది. అందుకే కొలతలతో పాటు ప్రతి చోటా కారణం కూడా చెబుతున్నాను.

అడుగున చాక్లెట్ బిస్కెట్ పొర, దాని మీద పీనట్ బటర్ పొర, ఆ తర్వాత చాక్లెట్ పుడ్డింగ్, చివరగా గిలకొట్టిన క్రీమ్. పుడ్డింగ్‌ను నేరుగా బిస్కెట్ మీద పోసి, పీనట్ బటర్‌ను దాని మీద పరిచేవాళ్లూ ఉన్నారు. నాకు ఆ వరస నచ్చదు. పుడ్డింగ్‌లో ఎక్కువ భాగం పాలే కాబట్టి ఆ తడిని బిస్కెట్ పీల్చుకుని తెల్లారేసరికి మెత్తబడిపోతుంది. కొవ్వు ఎక్కువగా ఉన్న పీనట్ బటర్ పొర మధ్యలో ఉంటే తడి అంత సులువుగా కిందికి దిగదు.

ఈ కొలతలన్నీ 23 సెంటీమీటర్ల వెడల్పు, 4 సెంటీమీటర్ల లోతు ఉన్న పై పాత్రకు. ఎనిమిది నుంచి పది ముక్కలు వస్తాయి. మీ పాత్ర లోతు తక్కువైతే అంచు దాకా నింపకండి, మిగిలిన పుడ్డింగ్‌ను చిన్న కప్పుల్లో పోసుకోండి. అడుగు ఊడొచ్చే స్ప్రింగ్‌ఫామ్ పాత్ర ఉంటే మరీ మంచిది.

బిస్కెట్ పొరకు మధ్యలో క్రీమ్ ఉన్న చాక్లెట్ బిస్కెట్లు 270 గ్రాములు, కరిగించిన వెన్న 80 గ్రాములు. క్రీమ్‌ను గీకి పారేయొద్దు, అందులోని కొవ్వు, చక్కెర కూడా పొడిని పట్టి ఉంచుతాయి. క్రీమ్ లేని మామూలు బిస్కెట్లు వాడితే 200 గ్రాములకు 100 గ్రాముల వెన్న, రెండు టేబుల్ స్పూన్ల చక్కెర కావాలి. మిక్సీలో సన్నటి రవ్వలా ఆడించండి. పెద్ద పలుకులు మిగిలితే ముక్క కోసేటప్పుడు పొర అక్కడే పగులుతుంది. వెన్న కలిపాక గుప్పెట్లో పట్టి నొక్కితే ముద్దలా నిలవాలి, వేలితో పొడిస్తే విరగాలి. నిలవకపోతే ఇంకో టీస్పూను వెన్న వేయండి. అలాగని వెన్న ధారాళంగా పోస్తే ఫ్రిజ్‌లో అది రాయిలా బిగుస్తుంది, అప్పుడు కత్తి కూడా దిగదు.

పొడిని ముందు గోడలకు నొక్కి, తర్వాత అడుగున పరచండి. అడుగు చదునుగా ఉన్న గ్లాసుతో గట్టిగా అదమాలి. అడుగూ గోడా కలిసే మూలలో పొడి పేరుకుపోవడం అందరికీ అయ్యేదే. అక్కడ గ్లాసు అంచుతో తిప్పి తిప్పి నొక్కితే మందం సమంగా వస్తుంది. తర్వాత అరగంట ఫ్రీజర్‌లో పెట్టండి.

ఆ అరగంటలో పీనట్ బటర్ పొర సిద్ధం చేసుకోవచ్చు. క్రీమ్ చీజ్ 170 గ్రాములు, పీనట్ బటర్ 160 గ్రాములు, పొడి చక్కెర 60 గ్రాములు, వెనిల్లా అర టీస్పూను, విప్పింగ్ క్రీమ్ 120 మిల్లీలీటర్లు. పీనట్ బటర్‌లో ఉప్పు లేకపోతే చిటికెడు వేయండి, అది లేకుంటే ఈ పొర చప్పగా ఉంటుంది. పలుకు చక్కెర వేయకండి. ఇక్కడ పొయ్యి వేడి లేదు కాబట్టి అది సరిగా కరగక పంటికి తగులుతూనే ఉంటుంది.

క్రీమ్ చీజ్‌ను అరగంట ముందే ఫ్రిజ్ బయట పెట్టి, విడిగా గిలకొట్టండి. అది నున్నగా అయ్యాకే పీనట్ బటర్, పొడి చక్కెర కలపాలి. చల్లగా ఉన్న చీజ్‌లో అన్నీ ఒకేసారి వేస్తే చిన్న చిన్న తెల్ల ఉండలు మిగులుతాయి, తర్వాత ఎంత గిలకొట్టినా పోవు. మిశ్రమం గట్టిగా ఉందని పాలు చల్లాలనిపిస్తుంది, చల్లకండి. కాస్త తడి తగలగానే పీనట్ బటర్ పలచబడే బదులు ముందు బిగుసుకుంటుంది. అందులోని సన్నటి వేరుశనగ రేణువులు నీటిని పీల్చుకుని ఒకదానికొకటి అతుక్కోవడమే కారణం. వదులు చేసే పని క్రీమ్‌కు వదిలేయండి. క్రీమ్‌ను మెత్తటి కొసలు నిలిచేదాకా (బీటర్ పైకి తీస్తే కొస లేచి, చివర వంగేదాకా) గిలకొట్టి, మూడో వంతు ముందు కలిపేయండి. మిగతాది గరిటెతో కింది నుంచి పైకి మడుస్తూ కలపండి. దీన్ని బిస్కెట్ పొర మీద సమంగా పరిచి పాత్రను మళ్లీ ఫ్రీజర్‌లో పెట్టండి.

ఏ పీనట్ బటర్ వాడాలన్న సంగతి కాస్త వివరంగా చెప్పాలి. సీసాలో నూనె పైకి తేలని రకంలో గది వేడికి గట్టిగా ఉండే కొవ్వు కొంచెం కలిపి ఉంటుంది. అందుకే ఆ రకంతో పొర బాగా నిలుస్తుంది, ముక్క అంచు పదునుగా వస్తుంది. వేరుశనగలు మాత్రమే ఉన్న రకం రుచిలో మెరుగు, కానీ నూనె విడిపోతుంది. దాన్ని సీసా అడుగు దాకా బాగా కలిపాకే తూచాలి. తేలిన నూనెను వంపేస్తే మిగిలింది పొడిపొడిగా తయారవుతుంది, కలపకుండా మీది భాగమే తీసుకుంటే పొర జిడ్డుగా వదులుతుంది. ఇంట్లో చేసుకునేవాళ్లు పొట్టు తీసిన వేయించిన పల్లీలను గోరువెచ్చగా ఉండగానే మిక్సీలో వేయండి. ముందు పొడి అవుతుంది, తర్వాత ముద్ద కడుతుంది, చివరికి నూనె వదిలి జారుగా వస్తుంది. ముద్ద దగ్గరే ఆపి, నలగడం లేదని నీళ్లు పోయకండి. మిక్సీ వేడెక్కితే ఆపి, కాసేపయ్యాక మళ్లీ తిప్పండి. పలుకులున్న పీనట్ బటర్‌ను మాత్రం ఈ పొరలో వాడను, కోసేటప్పుడు పలుకు కత్తికి తగిలి పొరను చీల్చుకుంటూ పోతుంది.

ఇక పుడ్డింగ్. ఈ పై గెలిచినా ఓడినా ఇక్కడే. పాలు 400 మిల్లీలీటర్లు, చక్కెర 75 గ్రాములు, తియ్యదనం లేని కోకో పొడి 20 గ్రాములు, కార్న్‌ఫ్లోర్ 28 గ్రాములు, ఉప్పు పావు టీస్పూను, 55 నుంచి 60 శాతం డార్క్ చాక్లెట్ 100 గ్రాములు, వెన్న 20 గ్రాములు, వెనిల్లా ఒక టీస్పూను. కార్న్‌ఫ్లోర్‌ను వీలైతే తూచండి. స్పూనుతో కొలిస్తే మూడున్నర టేబుల్ స్పూన్లు, ప్రతిదీ అంచుకు సమంగా గీసి. తెల్లగా, వేళ్ల మధ్య నలిపితే కిర్రుమనేదే మనకు కావాలి, పసుపు రంగు మొక్కజొన్న పిండి పనికిరాదు.

చక్కెర, కోకో, కార్న్‌ఫ్లోర్, ఉప్పు ముందు పొడిగానే విస్క్‌తో (తీగల కవ్వంతో) బాగా కలపండి. చక్కెర పలుకులు పిండి రేణువులను విడదీస్తాయి కాబట్టి ఉండలు కట్టే అవకాశం అక్కడే సగం తగ్గుతుంది. తర్వాత 100 మిల్లీలీటర్ల చల్లటి పాలతో చిక్కటి ముద్దలా కలిపి, మిగతా పాలు పోయండి. పాలు చల్లగానే ఉండాలి. వేడి పాలలో పిండి పడితే ముద్ద మీది భాగం వెంటనే ఉడికి గట్టిపడుతుంది, లోపలి పిండి పొడిగా చిక్కుకుపోతుంది. మనం ఉండ అనేది దాన్నే.

మందపాటి గిన్నెలో, మధ్యస్థ మంట మీద, ఆపకుండా తిప్పుతూ ఉండాలి. విస్క్ గిన్నె మూలల్లోకి వెళ్లదు, అందుకే మధ్యమధ్యలో సిలికాన్ గరిటెతో మూలలు గీకండి, అడుగంటడం అక్కడే మొదలవుతుంది. మొదట ఏమీ కానట్టే ఉండి, తర్వాత ఉన్నట్టుండి చిక్కబడుతుంది. చాలామంది ఇక్కడే స్టవ్ ఆపేస్తారు. పిండి రేణువులు 60 డిగ్రీలు దాటాక ఉబ్బడం మొదలుపెడతాయి, కానీ పూర్తిగా ఉబ్బి పట్టు రావాలంటే 95 డిగ్రీల దాకా వెళ్లాలి. చిక్కబడగానే దింపేస్తే పచ్చిపిండి రుచి ఉండిపోతుంది, ఫ్రిజ్‌లో రాత్రంతా పెట్టినా గట్టిగా బిగియదు. రెండు మూడు సెకన్లు తిప్పడం ఆపి చూడండి. మధ్యలో పెద్ద బుడగలు బుడబుడమని పగులుతుంటే మరిగినట్టు. ఆ తర్వాత మంట తగ్గించి సరిగ్గా ఒక నిమిషం తిప్పుతూ ఉడికించండి. ఇంకా మంచిదని ఐదారు నిమిషాలు జోరుగా గిలకొడితే ఉబ్బిన రేణువులు పగిలి మళ్లీ పలచబడుతుంది.

దించాకే సన్నగా తరిగిన చాక్లెట్, వెన్న, వెనిల్లా వేసి, గిన్నె వేడికే కరిగేదాకా కలపండి. మంట మీద వేస్తే చాక్లెట్ మాడుతుంది. చాక్లెట్ రుచికే కాదు, పట్టుకూ పనికొస్తుంది. చల్లబడ్డాక అందులోని కోకో బటర్ గట్టిపడి కార్న్‌ఫ్లోర్‌కు తోడు నిలుస్తుంది. మిల్క్ చాక్లెట్‌లో కోకో తక్కువ, చక్కెర ఎక్కువ కాబట్టి దానితో చేసిన పుడ్డింగ్ మెత్తగా ఉంటుంది. అదే కావాలంటే చక్కెర 45 గ్రాములకు తగ్గించి, కార్న్‌ఫ్లోర్ ఇంకో అర టేబుల్ స్పూను పెంచండి. గుడ్డు సొన వేసుకునేవాళ్లు రెండు పచ్చసొనలను ముందే చల్లటి పాలలో కలిపి, కార్న్‌ఫ్లోర్‌ను 22 గ్రాములకు తగ్గించవచ్చు. అప్పుడు ఆ నిమిషం మరగడం మరింత ముఖ్యం. పచ్చసొనలో పిండిని విరగ్గొట్టే ఎంజైమ్ ఒకటి ఉంటుంది. అది వేడికి చావకపోతే, గట్టిగా కనిపించిన పుడ్డింగ్ కొన్ని గంటల్లో నీళ్లవుతుంది.

పుడ్డింగ్‌ను జల్లెడలో వడగట్టి వెడల్పాటి గిన్నెలోకి తీయండి. ఎప్పుడు పోయాలన్నది తర్వాతి చిక్కు. పొగలు కక్కుతుండగా పోస్తే కింది పీనట్ బటర్ కరిగి రెండు పొరలూ కలిసిపోతాయి. పూర్తిగా చల్లారి బిగిసాక కెలికి పోస్తే కట్టుకున్న జిగురు తెగిపోతుంది, అది మళ్లీ మునుపటిలా అతకదు. 45 డిగ్రీల దగ్గర పోయడం సరైనది. థర్మామీటర్ లేకపోతే గిన్నె అడుగును అరచేతితో తాకండి, వెచ్చగా ఉండాలి, చురుక్కుమనకూడదు. చల్లారేటప్పుడు అప్పుడప్పుడు ఒకసారి నెమ్మదిగా కలిపితే చాలు. ఫ్రీజర్‌లోంచి పాత్ర తీసి, గరిటె మీదుగా పోసి, సమం చేసి, ప్లాస్టిక్ ఫిల్మ్‌ను పుడ్డింగ్‌కు ఆనేలా పరచండి. గాలి తగిలితే మీద పొర కడుతుంది. ఫ్రిజ్‌లో కనీసం ఆరు గంటలు ఉండాలి, ముందు రోజు రాత్రి చేసి పెట్టుకోవడం ఇంకా మేలు. త్వరగా అవుతుందని ఫ్రీజర్‌లో పెట్టొద్దు. గడ్డకట్టి కరిగాక కార్న్‌ఫ్లోర్ పుడ్డింగ్ నీరు వదిలి స్పాంజిలా మారుతుంది.

పైన పరిచే క్రీమ్‌కు 35 శాతం కొవ్వున్న విప్పింగ్ క్రీమ్ 180 మిల్లీలీటర్లు, పొడి చక్కెర 15 గ్రాములు, పాలపొడి ఒక టేబుల్ స్పూను. పాలపొడి కొంత తడిని పట్టి ఉంచుతుంది, క్రీమ్ మర్నాటికి కూడా కుంగిపోదు. గిన్నె, బీటర్లు పావుగంట ఫ్రీజర్‌లో పెట్టండి. తర్వాత అన్నీ వేసి గిలకొట్టండి. గిలకొట్టేటప్పుడు క్రీమ్ అంచులు పలుకుగా కనబడ్డాయంటే వెన్న అవడానికి దగ్గరపడిందని అర్థం. వెంటనే ఆపి రెండు టేబుల్ స్పూన్ల గిలకొట్టని క్రీమ్ పోసి చేత్తో కలిపితే చాలావరకు సర్దుకుంటుంది. వేయించిన పల్లీల పలుకులు, చాక్లెట్ తురుము వడ్డించే ముందే చల్లాలి. ముందే చల్లితే పల్లీలు మెత్తబడతాయి.

పొయ్యి జోలికే వెళ్లనివాళ్లకు ఇన్‌స్టంట్ పుడ్డింగ్ పొడి ఉంది. అందులోని పిండి ముందే ఉడికించి ఆరబెట్టింది కాబట్టి చల్లటి పాలలోనే చిక్కబడుతుంది. ప్యాకెట్ మీద పుడ్డింగ్‌కు చెప్పిన పాలలో మూడో వంతు తగ్గించండి, లేకపోతే ముక్క నిలవదు. రెండు నిమిషాలు గిలకొట్టి వెంటనే పోసేయండి. ఉడికించి చేసుకునే రకం ప్యాకెట్ పొరపాటున తెచ్చుకుంటే చల్లటి పాలలో అది ఎప్పటికీ చిక్కబడదు. బాదం పాలు, ఓట్ పాలతోనూ ఇన్‌స్టంట్ పొడి సరిగా బిగియదు, ఎందుకంటే అది పాలలోని ప్రోటీన్ మీద కూడా ఆధారపడుతుంది. ఆ పాలే వాడాలంటే మీద చెప్పిన కార్న్‌ఫ్లోర్ పద్ధతే నమ్మదగింది.

కోసే ముందు తడి తువ్వాలును వేడి నీళ్లలో పిండి, దాని మీద పాత్రను అర నిమిషం ఉంచండి. అడుగున వెన్న కాస్త కరిగి మొదటి ముక్క విరగకుండా వస్తుంది. కత్తిని వేడి నీళ్లలో ముంచి, తుడిచి కోయండి, ప్రతి ముక్కకూ మళ్లీ తుడవండి. ఫ్రిజ్‌లో మూడు రోజులు బాగుంటుంది, ఆ తర్వాత పుడ్డింగ్ అంచుల్లో నీరూరడం మొదలవుతుంది. బయట రెండు గంటలకు మించి ఉంచకండి. పెట్టే ముందు, వేరుశనగ పడనివాళ్లు ఎవరైనా ఉన్నారేమో తప్పకుండా అడగండి. కొందరికి అది ప్రాణం మీదికి వస్తుంది, మీది క్రీమ్ మాత్రమే తీసి పెట్టినా క్షేమం కాదు. వాళ్ల కోసమైతే పీనట్ బటర్ బదులు పొద్దుతిరుగుడు గింజల బటర్‌తో అదే కొలతలో, కడిగిన వేరే గిన్నెల్లో విడిగా చేయాలి. బిస్కెట్, చాక్లెట్ ప్యాకెట్ల మీద వేరుశనగ గురించిన హెచ్చరిక ఉందేమో కూడా చదవండి.